ట్రయాంగిల్ కార్మికులను చంపింది తాళమొక్కటే కాదు

సంపాదకుల వారికి,

నమస్కారం. మార్చి 8న మీరు వేసిన మహిళా దినోత్సవ ప్రత్యేక పేజీ గురించి ఈ ఉత్తరం. అందులో రెండు మాటలు ప్రధానంగా కనిపించాయి. 1857 మార్చి 8న న్యూయార్క్ బట్టల ఫ్యాక్టరీల మహిళలు సమ్మె చేశారని, దానికి గుర్తుగానే ఈ రోజు వచ్చిందని మొదటిది. 1911లో న్యూయార్క్‌లోని ట్రయాంగిల్ అనే బట్టల కంపెనీలో మంటలు రేగినప్పుడు, యజమానులు తలుపుకు తాళం వేసి ఉంచడంతో 146 మంది చనిపోయారని రెండోది. మొదటిది జరిగిన దాఖలాలు లేవు. రెండోది నిజమే గానీ తాళం దగ్గరే ఆపేశారు. ఆ ఒక్క మాటతో ఆపితే, ఆ ప్రమాదం తర్వాత అక్కడ చట్టాలు ఎందుకు అంత వివరంగా మారాయో చదివేవారికి అందదు.

మొదటి సంగతి త్వరగా చెప్పి ముగిస్తాను. 1857 మార్చి 8 ఆదివారం. అలాంటి సమ్మె జరిగినట్టు అప్పటి అమెరికా పత్రికల్లో ఆనవాలు లేదు. ఈ కథ 1955లో ఫ్రెంచి కమ్యూనిస్టు పత్రిక 'లుమానితే'లో పుట్టిందని లిలియాన్ కాండెల్, ఫ్రాన్సువాజ్ పిక్ అనే ఇద్దరు ఫ్రెంచి పరిశోధకులు వెతికి తేల్చారు. అసలు వరస ఇదీ. అమెరికా సోషలిస్టు పార్టీ 1909 ఫిబ్రవరి 28న తొలి జాతీయ మహిళా దినం జరిపింది. దాన్ని ప్రతిపాదించిన థెరిసా మాల్కీల్ రష్యా సామ్రాజ్యం నుంచి వలస వచ్చి, బట్టలు కుట్టే పనిలోంచి కార్మికోద్యమంలోకి ఎదిగిన యూదు మహిళ. 1910లో కోపెన్‌హేగెన్ సోషలిస్టు మహిళల సభలో క్లారా జెట్కిన్, ఆమె సహచరులు అంతర్జాతీయ దినం కావాలన్నారు. 1911లో దాన్ని జరిపింది మార్చి 19న. 1917లో అప్పటి రష్యా రాజధాని పెట్రోగ్రాడ్ మహిళలు రొట్టె కోసం వీధుల్లోకి వచ్చిన రోజు మన క్యాలెండర్‌లో మార్చి 8, ఈ తేదీ అక్కడి నుంచి వచ్చింది. ట్రయాంగిల్ ప్రమాదం 1911 మార్చి 25, శనివారం. మహిళా దినానికి అది కారణం కాలేదు.

ఇక ట్రయాంగిల్. చనిపోయిన 146 మందిలో 123 మంది ఆడవాళ్లు, 23 మంది మగవాళ్లు. ఎక్కువమంది పదిహేను నుంచి ఇరవై మూడేళ్ల లోపు వాళ్లు. ఇద్దరికి పద్నాలుగేళ్లే. దాదాపు అందరూ రష్యా సామ్రాజ్యం నుంచి వచ్చిన యూదులు, దక్షిణ ఇటలీ నుంచి వచ్చినవాళ్లు. 1907 ఒక్క ఏడాదిలోనే అమెరికాలో 12,85,349 మంది వలసదారులు దిగారు. వాళ్లలో చాలామంది న్యూయార్క్ రేవులోని ఎల్లిస్ ద్వీపంలో దిగి, మన్‌హాటన్ లోయర్ ఈస్ట్ సైడ్ ఇరుకు ఇళ్లలో సర్దుకున్నారు. ఒకే ఊరి నుంచి వచ్చిన యూదులు 'లాండ్స్‌మన్‌షాఫ్ట్' అనే ఊరి సంఘాలు పెట్టుకున్నారు. నెలనెలా చందా కడితే జబ్బు చేసినప్పుడు డాక్టరు, పోతే శ్మశానంలో చోటు. ట్రయాంగిల్ మృతుల్లో చాలామందిని మట్టి చేసింది ఇలాంటి సంఘాలే. ఈ ఆడపిల్లల జీతంలో కొంత సముద్రం దాటి అమ్మానాన్నలకు వెళ్లేది. అందుకే ప్రమాదం తర్వాత సహాయ నిధి న్యూయార్క్‌తో ఆగలేదు, రష్యాకూ ఇటలీకీ పంపారు. 2004 నుంచి ఏటా మార్చి 25న కొందరు స్వచ్ఛందంగా మృతులు నివసించిన ఇళ్ల ముందుకెళ్లి కాలిబాట మీద సుద్దముక్కతో పేరు, వయసు, చిరునామా రాస్తున్నారు. ఆ చిరునామాలు చూస్తే ఒకే వీధిలో ఎన్ని ఇళ్లు ఖాళీ అయ్యాయో తెలుస్తుంది.

వాళ్లేమీ నోరు లేనివాళ్లు కారు. ఇది మీ పేజీలో అసలు లేదు. 1909 సెప్టెంబరులోనే ట్రయాంగిల్ కార్మికులు సమ్మెకు దిగారు. నవంబరు 22న కూపర్ యూనియన్ అనే కళాశాల హాల్లో జరిగిన సభలో పెద్దల ఉపన్యాసాలు సాగుతుండగా క్లారా లెమ్లిక్ అనే అమ్మాయి లేచి, తూర్పు యూరప్ యూదుల యిడ్డిష్ భాషలో, సార్వత్రిక సమ్మె తీర్మానం పెట్టమంది. మర్నాటి నుంచి ఇరవై వేల మందికి పైగా పని ఆపేశారు. 1910 ఫిబ్రవరి దాకా నడిచిన ఆ సమ్మెతో వందలాది చిన్న కంపెనీలు యూనియన్‌ను ఒప్పుకున్నాయి. ట్రయాంగిల్ ఒప్పుకోలేదు. పిల్లలు మళ్లీ అదే అంతస్తులకు వెళ్లి కూర్చున్నారు.

ఇప్పుడు ఆ అంతస్తుల సంగతి. వాషింగ్టన్ ప్లేస్, గ్రీన్ స్ట్రీట్ మూలన ఉన్న ఆష్ భవనం పది అంతస్తులది, పైమూడు అంతస్తులు ట్రయాంగిల్‌వి. (అమెరికా లెక్కలో నేల అంతస్తే ఒకటోది. వాళ్ల తొమ్మిదో అంతస్తు మనకు ఎనిమిదోది. ఈ తేడా చెప్పకుండా అనువదించడం వల్ల మన పత్రికల్లో అంతస్తుల లెక్క తరచూ తప్పుతోంది.) బట్టల కంపెనీలు ఇరుకిళ్ల నుంచి ఇంత ఎత్తుకు ఎందుకు ఎక్కాయి? దీనికి ఒక కారణం అంతకుముందు వచ్చిన సంస్కరణే. 'స్వెట్‌షాప్'లుగా పేరుపడ్డ ఇరుకు పని గదులను అదుపు చేయడానికి, కార్మికుడికి 250 ఘనపుటడుగుల గాలి ఉండాలని న్యూయార్క్ రాష్ట్రం చట్టం చేసింది. మంచి ఉద్దేశమే. కానీ గాలిని ఘనపుటడుగుల్లో కొలిస్తే కప్పు ఎత్తు కూడా లెక్కలోకి వస్తుంది. ఎనిమిది అడుగుల ఎత్తు గదిలో మనిషికి 31 చదరపు అడుగుల నేల కావాలి. పన్నెండు అడుగుల కప్పుంటే 21 చాలు. పది వేల చదరపు అడుగుల అంతస్తులో పన్నెండడుగుల కప్పు కింద 480 మందిని కూర్చోబెట్టినా చట్టం తప్పనదు. గాలికి లెక్క ఉంది. మెట్లకు మాత్రం ఆ లెక్కతో సంబంధం లేదు.

మెట్ల విషయం అంతకంటే ఘోరం. ఆ విస్తీర్ణానికి మూడు మెట్ల దారులు కావాలని భవన నిబంధన. కట్టింది రెండు. వెనక సందులో వేలాడే ఇనుప అత్యవసర మెట్లను మూడోదిగా లెక్కించమని ఆర్కిటెక్ట్ అడిగాడు, అధికారులు ఒప్పుకున్నారు. ఆ ఇనుప మెట్లు కింద గాజు కప్పు మీద ఆగిపోతున్నాయని, సరైన చోటికి దించాలని పరిశీలకుడు రాశాడు. దించుతామన్నారు, దించలేదు. ఉన్న రెండు మెట్ల వెడల్పు 33 అంగుళాలు. ఇద్దరు పక్కపక్కన దిగలేరు. తలుపు ఎదురుగా మెట్టు అంత దగ్గరగా ఉండటంతో తలుపులను బయటికి తెరుచుకునేలా పెట్టే చోటే లేకపోయింది, అందుకని లోపలికి తెరుచుకునేలా పెట్టారు. లోపలికి తెరుచుకునే తలుపు మీదికి యాభై మంది ఒక్కసారి తోసుకొస్తే, తాళం లేకపోయినా అది తెరుచుకోదు. భవనం ఎత్తు 135 అడుగులు. 150 అడుగులు దాటితేనే నేలకు, కిటికీ చట్రాలకు చెక్క వాడకూడదన్నది నిబంధన. కాబట్టి ఇక్కడ చెక్కే వేశారు. భవనం అగ్నికి తట్టుకుంటుందన్న పేరు అబద్ధం కాదు. అది ఇప్పటికీ నిలిచే ఉంది, న్యూయార్క్ విశ్వవిద్యాలయం అందులో తరగతులు నడుపుతోంది. లోపలున్న మనుషులు తట్టుకోవడానికి ఏర్పాటు లేదు.

నిప్పు ఎనిమిదో అంతస్తులో కత్తిరింపు బల్ల కింద పుట్టింది. పల్చటి నూలు గుడ్డను మధ్యమధ్య టిష్యూ కాగితం వేసి నూట ఇరవై పొరల దాకా పరిచి కోస్తారు. మిగిలిన పీలికలు బల్ల కిందున్న చెక్క పెట్టెలోకి తోస్తారు. పాత గుడ్డల వ్యాపారి వచ్చేది ఏడాదిలో కొద్దిసార్లే. జనవరి మధ్యలో అతను ఎత్తుకెళ్లినవి 2,252 పౌండ్లు, వెయ్యి కిలోలకు పైమాటే. ఆ తర్వాత పది వారాల పీలికలు అలాగే పోగుపడ్డాయి. పైన తీగలకు కాగితపు ప్యాటర్న్‌లు, అంటే కత్తిరింపు నమూనాలు, వేలాడుతున్నాయి. ఆర్పని అగ్గిపుల్లో సిగరెట్టో పడి ఉంటుందని అగ్నిమాపక శాఖ అనుకుంది. సాయంత్రం 4:40 దాటింది, పని వదిలే వేళ. బకెట్లతో నీళ్లు చల్లారు. మెట్ల దగ్గర గొట్టం విప్పితే నీళ్లు రాలేదు. అప్పటికి మంట ప్యాటర్న్‌లకు అంటుకుంది.

ఎనిమిదో అంతస్తు నుంచి పదో అంతస్తులోని ఆఫీసుకు ఫోను చేశారు. తొమ్మిదికి చేయాలంటే పదో అంతస్తు స్విచ్‌బోర్డు ద్వారానే వెళ్లాలి. అక్కడి ఆపరేటర్ బోర్డు వదిలేసి వెళ్లింది. పదో అంతస్తువాళ్లు డాబా ఎక్కారు, పక్క భవనం నుంచి లా విద్యార్థులు నిచ్చెనలు దించి వాళ్లను లాగారు. ఆ అంతస్తులో ఒక్కరే పోయారు. మధ్యలో ఉన్న తొమ్మిదో అంతస్తుకు ఎవరూ చెప్పలేదు. మంట కిటికీల్లోంచి లోపలికి వచ్చేదాకా వాళ్లకు తెలియదు.

తొమ్మిదో అంతస్తులో 240 మిషన్లు. 75 అడుగుల పొడవున ఎనిమిది బల్లలు, వాటి మధ్య సన్నటి దారుల్లో కుర్చీలూ గుడ్డల బుట్టలూ. లేచి పారిపోవాలంటే కుర్చీ కుర్చీకి చిక్కుకుంటుంది. గ్రీన్ స్ట్రీట్ వైపు మెట్ల ముందు చెక్క అడ్డం పెట్టి ఒక్కొక్కరే వెళ్లేలా దారి చేశారు. ఇంటికి వెళ్లేటప్పుడు కాపలాదారు సంచులు తెరిచి చూడటానికి. అవతలి వైపు, వాషింగ్టన్ ప్లేస్ తలుపుకు తాళం వేసేదీ అందుకే: అందరూ సోదా ఉన్న దారినే రావాలని. గ్రీన్ స్ట్రీట్ మెట్లు కొద్ది నిమిషాలకే మంటలో మూసుకుపోయాయి. ఇనుప మెట్లు బరువుకు వంగి విరిగి, వాటి మీదున్న దాదాపు ఇరవై మందిని కింద పడేశాయి. ఇక మిగిలింది లిఫ్టులు. ఇటలీ నుంచి వచ్చిన జోసెఫ్ జిటో, అతని తోటి లిఫ్టు కార్మికుడు, మంటల్లోకి మళ్లీ మళ్లీ లిఫ్టు నడిపి దాదాపు 150 మందిని దించారు. ఆ రోజు బతికినవాళ్లలో చాలామంది వీళ్లకే రుణపడి ఉన్నారు. వాళ్ల ప్రస్తావన మీ పేజీలో లేకపోవడం నాకు బాధ కలిగించింది. అగ్నిమాపక నిచ్చెనలు ఆరో అంతస్తుతో ఆగిపోయాయి. 62 మంది దూకారు, లేదా పడ్డారు. ముగ్గురు నలుగురు చేతులు పట్టుకుని కలిసి దూకితే కింద పట్టుకున్న వలలు చిరిగిపోయాయి. అరగంటలో అంతా అయిపోయింది.

ఇవి ఎవరూ ఊహించలేని సంగతులు కావు. నాలుగు నెలల ముందే పక్క రాష్ట్రం న్యూజెర్సీలోని న్యూఅర్క్ నగరంలో బహుళ అంతస్తుల ఫ్యాక్టరీ కాలి దాదాపు పాతికమంది పోయారు. 1909లో అగ్నిప్రమాద కసరత్తు నేర్పిస్తానని పోర్టర్ అనే ఇంజనీరు ట్రయాంగిల్‌కు ఉత్తరం రాస్తే జవాబు రాలేదు. కప్పు నుంచి తనంతట తానే నీళ్లు చల్లే స్ప్రింక్లర్లు అమెరికా ఈశాన్య ప్రాంతమైన న్యూ ఇంగ్లండ్ నూలు మిల్లుల్లో 1880ల నుంచీ ఉన్నాయి. ఆ మిల్లులు పరస్పర బీమా సంఘాల్లో సభ్యులు, ప్రమాదం తగ్గితే ప్రీమియం తగ్గేది. న్యూయార్క్‌లో బీమా దళారికి ప్రీమియం మీద కమీషన్. ప్రమాదం తగ్గించమని చెప్పడం వల్ల అతనికి వచ్చేదేమీ లేదు.

యజమానుల మీద పెట్టిన కేసు తాళం మీదే నడిచింది, తాళం మీదే పోయింది. శిథిలాల్లో గడియ బయటికి చాచి ఉన్న తాళం దొరికింది. అయినా, ఆ క్షణంలో తలుపు తాళం వేసి ఉందని యజమానులు మాక్స్ బ్లాంక్, ఐజాక్ హారిస్‌లకు తెలుసని నిర్ధారణ కావాలని జడ్జి జ్యూరీకి చెప్పాడు. 1911 డిసెంబరు 27న రెండు గంటలు కూడా పట్టకుండా నిర్దోషులన్నారు. బీమా సంస్థల నుంచి వాళ్లకు నష్టం కంటే దాదాపు 60 వేల డాలర్లు ఎక్కువే వచ్చింది. 1914లో సివిల్ దావాలు ప్రాణానికి 75 డాలర్ల చొప్పున సర్దుబాటయ్యాయి. మధ్యలో 1913లో బ్లాంక్ మరో ఫ్యాక్టరీలో పని వేళల్లో తలుపుకు గొలుసు వేసి పట్టుబడితే జరిమానా 20 డాలర్లు. ఇంకో మాట. కార్మికుల నష్టపరిహార చట్టం రాజ్యాంగ విరుద్ధమని న్యూయార్క్ అత్యున్నత న్యాయస్థానం కొట్టేసింది 1911 మార్చి 24న, ప్రమాదానికి సరిగ్గా ముందు రోజు. 1913లో రాష్ట్ర రాజ్యాంగాన్నే సవరించి, మరుసటి ఏడు మళ్లీ చట్టం తేవాల్సి వచ్చింది.

కోర్టులో రానిది మరో చోట వచ్చింది. 1911 జూన్‌లో రాష్ట్ర శాసనసభ ఫ్యాక్టరీల విచారణ కమిషన్ వేసింది. అధ్యక్షుడు రాబర్ట్ వాగ్నర్, ఉపాధ్యక్షుడు అల్ స్మిత్. వాగ్నర్ స్వయంగా జర్మనీ నుంచి పిల్లవాడిగా వచ్చినవాడే. మొదటి ఏడాదిలోనే 222 మంది సాక్షులను విన్నారు, 1,836 సంస్థలు తిరిగి చూశారు. మార్చి 25న ఆ వీధిలో నిలబడి ఆడపిల్లలు దూకడం కళ్లారా చూసిన సామాజిక కార్యకర్త ఫ్రాన్సిస్ పెర్కిన్స్ ఈ పనిలో ముఖ్యురాలు. ఆమె పద్ధతి చెప్పుకోదగ్గది. సభ్యులను కుర్చీల్లోంచి లేపి చోట్లకు తీసుకెళ్లింది. ఒక ఫ్యాక్టరీలో 'అత్యవసర ద్వారం' అని రాసిన గోడ కన్నంలోంచి వాగ్నర్‌ను పాకించింది. అవతల మంచు గడ్డకట్టి, నిటారుగా ఉన్న ఇనుప నిచ్చెన, నేలకు పన్నెండడుగుల ఎత్తున ఆగిపోయింది. ఆ నిచ్చెనను చూసిన మనిషికి మెట్లు ఎక్కడ ఆగాలో చట్టంలో రాయడం ఎందుకో వేరే చెప్పక్కర్లేదు.

మూడేళ్లలో ముప్పైకి పైగా చట్టాలు వచ్చాయి. పని జరుగుతుండగా తలుపుకు తాళం వేయకూడదు, తలుపు బయటికి తెరుచుకోవాలి. పీలికలు అగ్నికి అంటుకోని డబ్బాల్లో వేయాలి, పోగు పెట్టకూడదు. ఏడో అంతస్తు పైన 200 మందికి మించి పనిచేసే చోట స్ప్రింక్లర్లు. నేల అంతస్తు పైన 25 మందికి మించితే అగ్నిప్రమాద కసరత్తు. వీటన్నిటికంటే నాకు ముఖ్యమనిపించేది 1913 చట్టంలోని ఒక కొలత. మెట్ల వెడల్పులో ప్రతి పూర్తి 22 అంగుళాలకు ఒక అంతస్తులో 14 మందే పనిచేయాలి. 22 అంగుళాలంటే ఒక మనిషి భుజాల వెడల్పు. స్ప్రింక్లర్లు పెడితే, అంతస్తు మధ్య అగ్నిని ఆపే గోడ కడితే ఈ సంఖ్య పెంచుకోవచ్చు. ఆష్ భవనం మెట్లు 33 అంగుళాలు, అందులో పూర్తి 22 ఒక్కసారే వస్తుంది. రెండు మెట్లకు కలిపి 28 మంది. గాలి లెక్కన 480 మంది పట్టే అంతస్తు, మెట్ల లెక్కన 28 మందిది. ఆ శనివారం అక్కడున్నది సుమారు 250 మంది. తాళం తీసి ఉన్నా అందరూ బయటపడేవారని చెప్పలేం.

లోపాలూ ఉన్నాయి. మహిళలకు వారానికి 54 గంటల పని చట్టం 1912లో గట్టెక్కాలంటే పండ్లూ కూరగాయలూ డబ్బాల్లో నింపే ఫ్యాక్టరీలను మినహాయించాల్సి వచ్చింది. అయిదారేళ్ల పిల్లలు చిక్కుళ్లు వలుస్తూ కూర్చునేది అక్కడే. పెర్కిన్స్ ఆ బేరానికి ఒప్పుకుంది, తర్వాతి ఏడాది ఆ మినహాయింపును సరిచేయించారు. ఆమె 1933లో అమెరికా కార్మిక మంత్రి అయింది, వాగ్నర్ 1935లో యూనియన్ హక్కుల చట్టం తెచ్చాడు. అది వేరే పెద్ద కథ.

నా విన్నపం రెండే. వచ్చే మార్చి 8న 1857 ప్రస్తావన తీసేయండి. ట్రయాంగిల్ గురించి మార్చి 25న విడిగా వేయండి, వేసినప్పుడు తొమ్మిదో అంతస్తు నక్శా ఒకటి గీయించండి: బల్లలు, రెండు మెట్లు, చెక్క అడ్డం, వెనక ఇనుప మెట్లు, ప్రతి దారి వెడల్పు అంగుళాల్లో. ఫోటో కావాలంటే 2023 అక్టోబరులో ఆ భవనానికి అమర్చిన స్మారకానిది వాడండి. తొమ్మిదో అంతస్తు వైపు నుంచి ఒక ఉక్కు పట్టీ గోడ మీదుగా దిగి, తల పైకెత్తితే చదవగలిగే ఎత్తున రెండు వీధుల వైపూ సాగుతుంది. అందులో మృతుల పేర్లు చెక్కి ఉన్నాయి. వాళ్ల కథ మూడు భాషల్లో రాసి ఉంది: ఇంగ్లిషు, యిడ్డిష్, ఇటాలియన్.

ఇట్లు
ఒక పాఠకుడు, గుంటూరు